పొడిపట్టు

ఎండ 58. పైన 56 డిగ్రీలు, కింద 27.

ఆరుగురం పైకి వెళ్లాం. నూట ఇరవై పలకలు తుడిచాం. ఒకటి పగిలింది, మార్చాం. ఎవరికీ ఏమీ కాలేదు.

ఎండాకాలంలో ఎన్నో రోజు, పైన ఎంత వేడి, కింద మా ఊరు క్వారీనగర్‌లో ఎంత, ఊరికి చల్లగాలినిచ్చే పలకలు ఎన్ని తుడిచాం: పై డ్యూటీ పుస్తకంలో ఇంతే రాయాలని రూలు. పదకొండేళ్లుగా ఇంతే రాస్తున్నాను, పదకొండేళ్లుగా ఎవరూ చదవడం లేదు. మొన్నీమధ్య పరీక్షిద్దామని "పలకల నడుమ ఏనుగు కనిపించింది, అదిలించాం" అని రాసి పంపాను. మా విభాగానికి అధికారి సుదర్శన్ సార్. దాని కింద కూడా పచ్చ సంతకం గీకి పంపాడు. ఏనుగు వచ్చినా పట్టనివాడికి నేనేం రాస్తే ఏం? ఇకనుంచి ఈ పుస్తకం నాది. నా పేరు ఐలవ్వ. వయసు నలభై తొమ్మిది. ముఠా పెద్దను, చిన్నవాళ్లంతా అత్తా అని పిలుస్తారు. నోరు కూడా పెద్దదేనని ఊళ్లో పేరు.

ఈ రోజు రాయాల్సింది కృతిక గురించి. మా ముఠాలో అందరికన్నా చిన్నది. ఇరవై మూడేళ్లు, పెళ్లయి నాలుగు నెలలు, పనిలో చేరి రెండు నెలలు. పొద్దున సూటు గదిలో అందరికన్నా ముందే తయారై నిలబడింది.

"నీళ్లు తాగినవా?" అని అడిగాను.

"నిన్న పొద్దుగూకినప్పటి సంది చుక్క ముట్టలే అత్తా."

"శభాష్," అని భుజం తట్టాను.

దీన్ని మేము పొడిపట్టు అంటాం. ఆ పేరు పెట్టింది నేనే. ఎండసూటు తొడగడానికి ఇరవై నిమిషాలు, విప్పడానికి ఇరవై నిమిషాలు. లోపల ఒంటికి పోవడానికి ఒక గొట్టం, ఒక సంచి ఉన్నాయి గానీ అవి మగవాళ్ల కోసం కుట్టినవి. సూట్లు వచ్చిన రోజు వాటితో పాటు వచ్చిన కాగితం మీద "అందరికీ సరిపోతుంది" అని రాసి ఉంది. పలకల నడుమ సందులేమో మూరెడు. మగవాళ్ల భుజాలు ఇరుక్కుపోతాయి కనుక తుడిచే పని ఆడవాళ్లకిచ్చారు. సూటు వాళ్లది, పని మాది, అదీ ఏడు గంటలు. అందుకే తాగం. తాగితేనే కదా వచ్చేది. కొత్తగా వచ్చిన ప్రతి పిల్లకూ మొదటి రోజు నేను నేర్పేది ఇదే. ఎవరు ఎన్ని గంటలు ఆపుకున్నారో సూటు గది గోడ మీద సుద్దముక్కతో రాస్తాను. నాది తొమ్మిది గంటలు. ఇంతవరకు ఎవరూ దాటలేదు.

ఈ రోజు అయిదో గంటలో కృతిక గొంతు చెవి మైకులో వినిపించింది.

"అత్తా, ఇంకెంత సేపు?"

"రెండు గంటలు."

"నాతోని అయితలేదు."

"అయితది. కాళ్లు దగ్గర పెట్టుకో. పాట పాడుకో."

పాడలేదు. కానీ ఆపుకుంది. దిగాక గోడ మీద ఆమె పేరు పక్కన ఏడు అని రాశాను. నవ్వింది.

ఎండ 59. పైన 56, కింద 27.

నూట ఇరవై పలకలు.

పైకి వెళ్లే ముందు కృతిక మూడుసార్లు మరుగుదొడ్డికి వెళ్లొచ్చింది. పుష్పలీల ఊరుకుంటుందా? "కొత్త పెండ్లికూతురు గదా, మొగడు పండనిస్తలేడేమో!" అంది. అందరం నవ్వాం. నేను అందరికన్నా గట్టిగా నవ్వాను.

తర్వాత ఆ పిల్ల నన్ను మూలకు తీసుకెళ్లి చెవిలో చెప్పింది. "అత్తా, మంటమంటగున్నది. కారం పోసినట్టు. పోదామంటే రెండు చుక్కలు, మళ్లీ వచ్చినట్టే ఉంటది."

ఇందులో నాకు తెలియనిదేమీ లేదు. మా అందరికీ వస్తుంది, పోతుంది. దవాఖానాకు మాత్రం వెళ్లం. అక్కడ డాక్టర్ లేడు, మందులిచ్చే పెట్టె ఉంది. పెట్టె తేనె పూసిన గొంతుతో మాట్లాడి, మన చీటీ మీద "శుభ్రత లోపం" అని రాస్తుంది. అలాంటివి మూడు పడినా, అధికారి సంతకంతో ఒక్కటి పడినా పై డ్యూటీ పోతుంది. పై డ్యూటీ పోతే చలి వరుసలో ఇచ్చిన గది పోయి, యంత్రాల పక్కన కొలిమి వరుసలో బతకాలి. అందుకే సూటు గదిలో మాకొక డబ్బీ ఉంది, మిగులు డబ్బీ. ఎవరైనా తెగించి పెట్టె దగ్గర అయిదు రోజుల మాత్రలు తెచ్చుకుంటే, రెండో రోజుకే మంట తగ్గుతుంది. మిగిలినవి ఆ డబ్బీలో వేస్తారు, ఇంకొకరికి పనికొస్తాయని. ఆ డబ్బీ నా దగ్గరే ఉంటుంది. ఒకరికొకరం ఉన్నామని దాన్ని చూసినప్పుడల్లా గర్వంగా ఉండేది.

కృతికకు మూడు మాత్రలిచ్చాను. "తగ్గినంక మిగిలింది డబ్బీల ఎయ్యి," అన్నాను.

ఎండ 61. పైన 57, కింద 27.

నూట ఇరవై రెండు పలకలు. కృతికకు మంట తగ్గిందట. ఒక మాత్ర తెచ్చి డబ్బీలో వేసింది. మంచి పిల్ల.

ఎండ 66. పైన 57, కింద 27.

నూట పద్దెనిమిది. కృతికకు మళ్లీ మొదలైంది. ఈసారి రెండు మాత్రలిచ్చాను, డబ్బీలో ఉన్నవే రెండు. బార్లీ నీళ్లు కాచుకుని తాగమన్నాను. "తాగితే పైన ఎట్లత్తా?" అంది. అదీ నిజమే అనిపించింది. సెలవు రోజున తాగమన్నాను. ఇప్పుడు ఈ ముక్క రాస్తుంటే చెయ్యి ఎందుకో ఆగుతోంది.

ఎండ 70. పైన 57, కింద 27.

అరవై పలకలు. కారణం రాస్తాను, ఎవరైనా చదివితే చదవనీ.

మూడో గంటలో కృతిక తుడిచే కర్ర వదిలేసి పలకల సందులో కూలబడింది. వెళ్లి చూస్తే పళ్లు టకటకా కొట్టుకుంటున్నాయి. "చలి పెడుతున్నదత్తా," అంటోంది. యాభై ఏడు డిగ్రీల ఎండలో చలి! కుడి డొక్క మీద చెయ్యి తీయడం లేదు. ముట్టుకోబోతే అరిచింది. సూటులోనే వాంతి చేసుకుంది. నేనూ పుష్పలీలా చెరో చెయ్యీ పట్టి మెట్ల గది దాకా ఈడ్చుకొచ్చాం. సూటు విప్పే ఇరవై నిమిషాలు నాకు ఇరవై ఏళ్లలా గడిచాయి. జ్వరం నూట మూడు.

ఇక దాచేదేముంది? దవాఖానాకు మోసుకెళ్లాం. పెట్టె ఒక కాగితప్పట్టీని మూత్రంలో ముంచి చూసి, "శుభ్రత లోపం. దయచేసి పరిశుభ్రంగా ఉండండి. అయిదు రోజుల మాత్రలు ఇస్తున్నాం," అంది. కింద తలుపు తెరుచుకుని మాత్రలు పడ్డాయి. మా డబ్బీలో ఉండేవి కూడా అవే. కృతిక ఒకటి మింగింది, పది నిమిషాల్లో కక్కేసింది.

"వేరే మందు ఇయ్యి," అన్నాను పెట్టెతో.

"డాక్టర్ గారి ఆమోదం అవసరం. డాక్టర్ గారు ఏడు రోజుల తర్వాత తెరమీద అందుబాటులో ఉంటారు. ధన్యవాదాలు."

నీ ధన్యవాదాలు తగలెయ్య.

ఎండ 71. పైన 57, కింద 27.

నలుగురు పైకి వెళ్లారు. డెబ్బై పలకలు.

నేను ఫర్జానా ఆపా ఇంటికి వెళ్లాను. దవాఖానాలో మనుషులు పనిచేసిన రోజుల్లో ఆమె ల్యాబ్ చూసేది. పెట్టె వచ్చాక ల్యాబ్ మూసి ఆమెను ఇంటికి పంపారు. ఇప్పుడు డెబ్బై రెండేళ్లు. చూపు తగ్గింది గానీ నాలుక పదును తగ్గలేదు. వచ్చి కృతిక మంచం పక్కన కూర్చుని, నేను ఇన్నేళ్లలో ఎవరినీ అడగని ప్రశ్నలన్నీ అడిగింది.

"రోజుకు ఎన్నిసార్లు పోతవ్ బేటీ?"

"డ్యూటీ ఉన్ననాడు రెండుసార్లు."

"నీళ్లు?"

కృతిక నా వైపు చూసింది. నేను నేల వైపు చూశాను.

"మొగనితోని పండుకున్నంక లేచి ఒంటికి పోతవా? కడుక్కునేటప్పుడు ముందు నుంచి ఎనక్కా, ఎనక నుంచి ముందుకా? అరె, సిగ్గెందుకు? నేను అడుగుతుంది రోగాన్ని, నిన్ను కాదు."

తర్వాత ఒక సీసా ఇచ్చింది. "శుభ్రంగా కడుక్కో. మొదటి ధార పోనియ్యి. నడుమల వచ్చేది సీసాల పట్టు." పట్టించాం. తేటగా లేదు, కుడితిలా ఉంది.

"ఇదివరకు ఏం మందులు మింగింది?" అని నన్ను అడిగింది. డబ్బీ తెచ్చి చూపించాను. ఆపా మూత తీసి, మూసి, మళ్లీ తీసింది.

"ఇది ఎవరిది?"

"అందరిది."

"అట్లనా? అయితే రోగం గూడ అందరిదే." మెల్లగానే అంది గానీ నాకు చెంప మీద కొట్టినట్టయింది. "ఇను ఐలవ్వా. ఆడదాని దారి చిన్నది. ఎనక పేగుల ఉండే క్రిములు ముందుకొచ్చి పైకి పాకుతయి. అందరికీ పాకుతయి. నీళ్లు తాగి పోస్తుంటే అవి కొట్టుకపోతయి. నువ్వు తాగనియ్యక, పోనియ్యక తలుపులేసి కూసోబెట్టినవ్. లోపల ఇల్లు కట్టుకున్నయి. ఇగ సగం సగం మాత్రలు. మంట తగ్గుడంటే క్రిమి చచ్చినట్టు కాదు. మెత్తనివి చస్తయి, మొండివి మిగుల్తయి. ఆ మొండివాటిని ఒకరి నుంచి ఒకరు పెంచి పెద్ద చేసిన్రు. ఇప్పుడు అవి ఈ పిల్ల కిడ్నీకెక్కినయి."

"కిడ్నీకి ఎక్కితే?"

"సరైన మందు పడకపోతే రక్తంలకు పోతది. అప్పుడు నేనేం చెయ్యలేను, నువ్వేం చెయ్యలేవు."

నేను ఏడ్వలేదు. కోపం వచ్చింది, ఎవరి మీదో ముందు తెలియలేదు. ఇంటికొచ్చాక తెలిసింది.

ఎండ 73. పైన 58, కింద 28.

పలకలు సున్నా. ఎవరం వెళ్లలేదు. ఎందుకో రాస్తాను.

ఆపా మూత్రం చుక్కను ఒక జిగురు పళ్లెం మీద పూసి, వంటింట్లో వెచ్చగా ఉంచింది. క్రిములు మొలిచాక ఇంకో పళ్లెంలో వాటినే పరిచి, పాత ల్యాబ్ నుంచి తెచ్చి చలి గదిలో దాచుకున్న మందు అద్దిన కాగితాలు నాలుగు చుక్కల్లా పెట్టింది. ఈ రోజు పొద్దున నన్ను పిలిచి చూపించింది. పళ్లెం నిండా తెల్లగా మీగడ కట్టినట్టు క్రిములు. మా డబ్బీ మాత్రల మందు చుక్క దాకా దర్జాగా పెరిగాయి. ఇంకో రెండు చుక్కల దగ్గరా అంతే. నాలుగో చుక్క చుట్టూ మాత్రం గోరంత వెడల్పున ఖాళీ, గీత గీసినట్టు.

"ఇదొక్కటి చంపుతది. సూది మందు. పెట్టె కడుపులో ఉన్నది," అంది ఆపా.

పెట్టె దగ్గరికి పళ్లెం పట్టుకెళ్లాం. "గుర్తింపు లేని పరీక్ష. చెల్లదు," అంది. అత్యవసరంగా తెరవాలంటే రోగి పనిచేసే విభాగం అధికారి సంతకం కావాలట. అంటే సుదర్శన్ సార్ సంతకం.

ఆయన కాదనలేదు. కాగితం తయారుగానే పెట్టుకుని కూర్చున్నాడు. అందులో కారణం ముందే అచ్చయి ఉంది: వ్యక్తిగత శుభ్రత లోపం. కింద కృతిక వేలిముద్రకు చోటు.

"సార్, ఇది శుభ్రత లోపం కాదు. సూటు లోపం. ఏడు గంటలు దిగనియ్యని మీ పని లోపం."

"నాకు తెల్వదా ఐలవ్వా? కానీ సూటు అని రాస్తే పైనుంచి నన్ను అడుగుతరు. ఆ సూట్లు తీసుకున్నది నేను. ఇది రాస్తే ఎవ్వరూ అడగరు. పిల్లకు సూది పడుతది. అయిపాయె."

"ఆమె పై డ్యూటీ పోతది."

"పానం కంటే ఎక్కువనా?"

కాదు. అందుకే కాగితం తీసుకుని కృతిక దగ్గరికి పరుగెత్తాను. కళ్లు తెరవలేకపోతోంది, పెదాలు పగిలాయి. చదివి వినిపించాను. "ఒత్తు బిడ్డా," అన్నాను. ఆమె చెయ్యి వెనక్కి లాక్కుంది.

"నేను గలీజుదాన్ని కాదు అత్తా."

"కాదు, నాకు తెలుసు. ఇది ఉత్త కాగితం."

"ఊరంత తెలుస్తది. మా అత్తగారింట్ల తెలుస్తది. రోజు తానం చేసేదాన్ని. మీరు చెప్పినట్టే చేసిన గదా? గలీజుదాన్నని రాసుకొని బతకాల్నా?"

"బతికినంక కొట్లాడొచ్చు."

"ఒత్తనంటే ఒత్తను."

తిట్టాను, బతిమాలాను, మళ్లీ తిట్టాను. నిద్రలోకి జారితే బొటనవేలు పట్టుకుని ఒత్తేద్దామనే ఆలోచన కూడా వచ్చింది, దాచను. వేలు పట్టుకున్నాను కూడా. నిప్పులా కాలుతోంది. ఒత్తలేకపోయాను. ఈ పిల్లకు ఉన్న తెగువ ఇన్నేళ్లలో నాకెందుకు లేకపోయిందని సిగ్గేసింది.

సూటు గదికి వెళ్లి అయిదుగురం కూర్చున్నాం. సూదిమందు పడేదాకా, అదీ ఆ కాగితం లేకుండా పడేదాకా, ఎవరం పైకి వెళ్లకూడదని అనుకున్నాం. రాజవ్వ భయపడింది. దుమ్ము పేరితే చల్లదనం పోయి కింద మూడు వేల మంది ఉడుకుతారు కదా అంది. "ఉడకనీ. ఏడు గంటలు మనం ఉడకలేదా?" అన్నాను.

తడిగుడ్డతో గోడ మీది సుద్దరాతలన్నీ తుడిచేశాను. నా తొమ్మిదిని ముందు తుడిచాను.

ఎండ 74. పైన 58, కింద 31.

పలకలు సున్నా.

పొద్దున నీళ్ల హాలులో క్వారీనగర్ సగం నిలబడి ఉంటుంది, బిందెలతో. ఈ రోజు అందరూ విసురుకుంటున్నారు. నన్ను చూడగానే గొణుగుడు మొదలైంది. "వీళ్లకు కొవ్వెక్కింది" అని ఎవరో అన్నారు. నేను నల్లాల గట్టు ఎక్కాను.

"ఉక్కపోస్తున్నదని మమ్ముల తిడుతున్నరు గదా! ఎందుకు పైకి పోలేదో ఇనుర్రి. ఉచ్చ! ఉచ్చ కోసం పోలేదు!"

ఒకామె కొంగుతో మూతి కప్పుకుంది.

"ఎందుకు మొకం తిప్పుకుంటరు? మీరెవ్వరు పోసుకోరా? మేము పోసుకోం. ఏడు గంటలు ఆపుకుంటం. మీ ఇండ్లల్ల చల్లగాలి రావాలంటే మాకు ఉచ్చ రావొద్దు. అట్ల ఆపుకొని ఆపుకొని, నీళ్లు తాగక, కృతిక కిడ్నీల చీము పట్టింది. చస్తున్నది. మందు నూరడుగుల దూరంల ఉన్నది. ఆమె గలీజుదని వేలిముద్ర ఏస్తేనే ఇస్తరంట!"

"ఐలవ్వా, దిగు!" సుదర్శన్ సార్ గొంతు. ఆయనా బిందెతో వరుసలోనే ఉన్నాడు. "నలుగుట్ల, గింతమంది ముందట గివేం మాటలు?"

"నలుగుట్ల మాట్లాడకనే గదా సార్, ఈ గత్తర! నాకు ఈ మంట ఏడుసార్లొచ్చింది. ఏడుసార్లు దాచుకున్న. దాచుకొని, కొత్తగొచ్చిన పిల్లలకు తాగకుర్రి, ఆపుకోర్రి అని నేర్పిన. తప్పు చేసిన. నేను గలీజుదాన్నా? చెప్పుర్రి!"

ముందు పుష్పలీల అంది, "నాకు నాలుగుసార్లు." రాజవ్వ, "నాకు రెండు." వరుసలో వెనక ఎవరో, "నాకు కాన్పుకు ముందొచ్చింది, ఎవ్వరికీ చెప్పలే." బడి పంతులమ్మ చెయ్యెత్తింది. ఇక ఒకరి తర్వాత ఒకరు. మంగళి కొమురయ్య తాత కూడా కర్ర ఆనించుకుని లేచాడు.

"నాకు గూడ ఆర్నెల్ల సంది మంటనే. చుక్క చుక్క అయితది. ఆడోళ్ల రోగమంటరని చెప్పుకోలే."

అక్కడక్కడా నవ్వారు. ఫర్జానా ఆపా కేకేసింది, "నవ్వకుర్రి! ముసలి మగోళ్లకు గూడ వస్తది. తాతా, రేపు సీసా పట్టుకొని మా ఇంటికి రా. మంట ఉన్నోళ్లందరు రార్రి. మొదటిరోజే రావాలె, పదో రోజు కాదు. డొక్కల నొప్పి, చలిజ్వరం ఉంటే ఆ గడియల్నే రావాలె."

నేను గట్టు దిగి సుదర్శన్ సార్ ముందు నిలబడ్డాను. ఆయన ముందు వరుస లేదు, వెనక వరుస లేదు, అందరూ ఆయన చుట్టూ ఉన్నారు.

"పెన్నున్నదా సార్? ఏనుగు కింద సంతకం పెట్టినవు, ఆ పెన్ను."

"ఏనుగేంది?"

"తర్వాత చెప్త. రాయుర్రి. కారణం: సూటులో ఆడవాళ్లకు ఏర్పాటు లేదు. డ్యూటీ మధ్యలో దిగనివ్వలేదు. ముఠా పెద్ద ఐలవ్వ నీళ్లు తాగొద్దని నేర్పింది, మిగిలిన మాత్రలు పంచింది."

ఆయన తలెత్తి చూశాడు. "నీ పేరు గూడనా?"

"నా తప్పు నేను మోస్త. మీది మీరు మొయ్యుర్రి."

చెమటతో కాగితం తడిసింది. రాశాడు. సంతకం పెట్టాడు. దాన్ని చూపగానే పెట్టె కింది తలుపు తెరిచి సూదిమందు ఇచ్చింది, "ధన్యవాదాలు" అంటూ. ఆపా వెంటనే కృతికకు సూది వేసింది.

మధ్యాహ్నం అయిదుగురం పైకి వెళ్లాం, కనుక మొదట రాసిన సున్నా పొద్దుటి లెక్కే. రెండు చెంబుల నీళ్లు తాగి మరీ వెళ్లాం.

ఎండ 75. పైన 57, కింద 29.

ఎనభై పలకలు. జ్వరం నూట రెండు. ఏమీ చెప్పలేమంది ఆపా.

ఎండ 76. పైన 57, కింద 28.

ఎనభై ఎనిమిది. జ్వరం తగ్గింది! తొంభై తొమ్మిది. కృతిక లేచి కూర్చుని, చింతకాయ తొక్కుతో రెండు ముద్దలు తిన్నది. మల్లన్నకు దండం పెట్టుకున్నాను, ఆపాకు ఇంకో దండం పెట్టబోతే "చాల్లే, సీసాలు కడుగు" అంది.

నీళ్లు తాగిస్తుంటే కృతిక చాలాసేపు నా మొహం చూసింది.

"అత్తా, ఆ రోజు మీరు శభాష్ అన్నరు."

"అన్న."

"అనకపోతే నేను దిగేదాన్ని. పానం పోయినా మీ దగ్గర తక్కువ కావొద్దనుకున్న."

క్షమించమని అడిగాను. ఆమె గ్లాసు ఖాళీ చేసి నా చేతికిచ్చింది, అటు తిరిగి పడుకుంది. అడగ్గానే ఇచ్చేది కాదులే అది. తలుపు దగ్గరగా వేసి వచ్చేశాను.

ఎండ 90. పైన 58, కింద 28.

తొంభై పలకలు. రోజూ ఇంతే ఇక. పైకి వెళ్లే ముందు ఒక చెంబు నీళ్లు, నేను చూస్తుండగా తాగాలి. రెండు గంటలకోసారి దిగాలి, వచ్చినా రాకపోయినా. ముఠా అంతా పరీక్ష చేయించుకున్నాం. నాకూ పుష్పలీలకూ ఉన్నాయని తేలింది, ఎవరి క్రిమికి ఏ మందు పనిచేస్తుందో చూసి ఇచ్చింది ఆపా. మూడో రోజుకే పుష్పలీల, "తగ్గింది, ఈ నాలుగు దాచిపెడ్త," అంది. ఎదురుగా కుర్చీ వేసుకుని కూర్చున్నాను, చివరి మాత్ర మింగి నాలుక చాపి చూపించేదాకా కదల్లేదు. డబ్బీని ఆపా తీసుకెళ్లి పారేసింది.

ఊళ్లో కొందరు ఒక డిగ్రీ పెరిగిందని సణుగుతున్నారు. ఒక్క డిగ్రీ. విసనకర్ర కొనుక్కోండి అని చెప్పాను. కొత్త సూట్ల కోసం సుదర్శన్ సార్ పైకి రాశానంటున్నాడు. రాశాడో లేదో, కాపీ చూపించేదాకా రోజూ ఆయన బల్ల ముందు పది నిమిషాలు నిలబడి వస్తున్నాను. మాట్లాడను, ఊరికే నిలబడతాను.

ఎండ 104. పైన 58, కింద 28.

కృతిక ఈ రోజు పనిలోకి వచ్చింది. ఒక కిడ్నీకి మచ్చ మిగిలిందట, జాగ్రత్తగా ఉంటే ఏమీ కాదంది ఆపా. మొదటిరోజు కదా, చివరి వరుస చిన్నదని అది ఇచ్చాను. నాతో ఎక్కువ మాట్లాడలేదు. నీళ్లు మాత్రం నేను చెప్పకముందే తాగింది, చెంబు బోర్లించి చూపించింది.

చివరి విడతలో, దిగాల్సిన రెండు గంటలు నిండడానికి ఇంకా అయిదు నిమిషాలు ఉందనగా చెవి మైకులో ఆమె గొంతు వినిపించింది. ఆ మైకు అందరికీ వినిపిస్తుంది, కింద ఆఫీసులో సుదర్శన్ సార్‌కు కూడా.

"ఉచ్చ వస్తున్నది. నేను దిగుతున్న."

కింది నుంచి సార్, కొంచెం మెత్తగానే: "కృతికా, నీ వరుసల ఇంక నాలుగు పలకలే గదమ్మా. అవి ముగించి దిగరాదు?"

నేను నోరు తెరిచాను. నా కన్నా ముందు ఆమే అంది.

"మీరొచ్చి ముగించుకోర్రి సార్."

పుష్పలీల పగలబడి నవ్వింది. రాజవ్వ నవ్వింది. నేను కర్ర అక్కడే ఆనించి మెట్ల వైపు నడిచాను, నా వెనక మిగతావాళ్లూ వచ్చారు. ఎండలో ఆరుగురం ఒకరి వెనక ఒకరం దిగాం, కృతిక అందరికన్నా ముందు.

నాలుగు పలకలు మిగిలాయి. వాటి మీద దుమ్ము అలాగే ఉంది. రేపు తుడుస్తాం.